కాలం తిరిగొచ్చే రాజ్యంలో కోర్టు ఎలా నడుస్తుంది?

ఓరుగల్లు లాంటి రాజ్యంలో, ప్రభవ నుంచి అక్షయ దాకా 60 ఏళ్లు నిండగానే కాలం మళ్లీ మొదలయ్యే కథకు చట్టం ఎలా ఉండాలని అడిగారు. శిక్షల సంగతి తర్వాత, ముందు దావా వేసే గడువు తేల్చండి. మన 1963 కాలపరిమితి చట్టం ప్రకారం, ప్రైవేటు భూమిని వేరొకరు తనదేనంటూ బహిరంగంగా 12 ఏళ్లు అనుభవిస్తున్నా యజమాని దావా వేయకపోతే అతని హక్కే పోతుంది. మీ రాజ్యంలో అలా కుదరదు. ప్రభవ రాగానే పాత దావాకు మళ్లీ ప్రాణం వస్తుంది. అందుకే అక్కడ భూమి అమ్మకాలుండవు, అక్షయ దాకా కౌలే. (పట్టా టెన్షన్ ఉండదు, అదృష్టవంతులు!)

హత్య కేసే అసలు చిక్కు. పోయినసారి చంపినవాడు ఈసారి ఇంకా పుట్టనే లేదు. పుట్టాక, హత్య చేయకముందే శిక్షిస్తే అన్యాయం. నిఘా పెట్టడం వరకైతే నేను ఒప్పుకుంటాను.