శృంగార సిరీస్‌లు రాసే రచయిత్రి ఇప్పుడు ఇంటి రుణం తీసుకోవచ్చా?

ప్రశ్న: నాకు 36 ఏళ్లు. హైదరాబాద్‌లో ఉంటూ కలం పేరుతో ఓటీటీలకు శృంగార ప్రధానమైన సిరీస్‌లు రాస్తున్నాను. గత మూడు ఆర్థిక సంవత్సరాల్లో వరుసగా 7, 5, 18 లక్షల రూపాయలు వచ్చాయి. పొదుపు 9 లక్షలు, నెల ఖర్చు 40 వేలు. అమ్మ నా మీదే ఆధారపడి ఉన్నారు. కొత్త సిరీస్‌కు ఒక నిర్మాత 14 లక్షలు ఇస్తానంటూ, రాయల్టీతో సహా హక్కులన్నీ శాశ్వతంగా వదులుకోమంటున్నారు. ఆ డబ్బుకు పొదుపు కలిపి డౌన్‌పేమెంట్ కట్టి, 55 లక్షల రుణంతో ఫ్లాట్ కొనవచ్చా? ఇలాంటి కథలతోనే అమెరికాలో స్క్రీన్‌ప్లే రచయిత్రి ప్యాట్రీషియా నాప్ ఏళ్ల తరబడి నిలబడ్డారు కదా!

జవాబు: ఆమె ఉదాహరణ మంచిదే, అయితే అది చెప్పే పాఠం వేరు. నాప్ సహ రచయిత్రిగా 1986లో వచ్చిన 'నైన్ అండ్ ఎ హాఫ్ వీక్స్' సినిమా సుమారు 1.7 కోట్ల డాలర్లతో తయారై, అమెరికా థియేటర్లలో 67 లక్షల డాలర్ల దగ్గరే ఆగిపోయింది. దానికి ఆదరణ దక్కింది విదేశాల్లోనూ వీడియో క్యాసెట్లలోనూ. ఆ తర్వాత 1992లో ఆమె సహ రచన చేసిన 'రెడ్ షూ డైరీస్' కేబుల్ టీవీలో వచ్చింది. అంటే ఈ తరహా కథలకు అసలు రాబడి తొలి విడుదల తర్వాతే మొదలుకావచ్చు. అక్కడి రచయితల గిల్డ్ (వృత్తి సంఘం) ఒప్పందాలు ఆ రాబడిలో రచయితకు వాటా ఇప్పిస్తాయి, పింఛను, ఆరోగ్య నిధులకు నిర్మాణ సంస్థల చేత జమ కట్టిస్తాయి. మీకు అలాంటి గిల్డ్ ఒప్పందం లేదు కాబట్టి మీ ఒప్పంద పత్రమే మీ గిల్డ్.

అందువల్ల ఫ్లాటు కన్నా ముందు ఆ 14 లక్షల పత్రం గురించి మాట్లాడాలి. 2012లో సవరించిన కాపీరైట్ చట్టం ప్రకారం, థియేటర్ ప్రదర్శన మినహా ఇతర రూపాల్లో రచనను వాడుకున్నప్పుడు వచ్చే రాయల్టీలో సమాన వాటా పొందే హక్కును రచయిత తన వారసులకో, రచయితల తరఫున రాయల్టీ వసూలు చేసే కాపీరైట్ సొసైటీకో తప్ప మరెవరికీ రాసివ్వడానికి గానీ వదులుకోవడానికి గానీ వీల్లేదు. అందుకు విరుద్ధంగా కుదిరే ఒప్పందం చెల్లదు. చట్టం మీ వైపు ఉన్నా వసూలు తేలిక కాదు కనుక, సంతకానికి ముందే న్యాయవాది చేత ఆ షరతును తీయించండి. పారితోషికాన్ని విడుదలతో కాకుండా వన్‌లైన్ ఆర్డర్ (సన్నివేశాల వరుస), మొదటి డ్రాఫ్ట్, బౌండ్ స్క్రిప్ట్ (పూర్తి స్క్రిప్ట్) దశలకు ముడిపెట్టించుకోండి. కేంద్ర సమాచార ప్రసార శాఖ 2024 మార్చిలో 18 ఓటీటీ వేదికలను, 2025 జులైలో మరో 25 వేదికలను అశ్లీలత కారణంగా నిలిపివేయించిన సంగతి మీకు తెలిసే ఉంటుంది. మీరు ఎంత సున్నితంగా రాసినా, మీ కథను కొన్న వేదిక మూతపడితే బకాయి కోసం తిరగాల్సింది మీరే.

ఇక ఫ్లాటు విషయానికొస్తే, ఇప్పుడు వద్దనే చెబుతాను. 8.5 శాతం వడ్డీతో 20 ఏళ్లకు 55 లక్షల రుణమంటే నెలకు సుమారు 47,700 రూపాయల కిస్తీ, ఏడాదికి 5.7 లక్షలు. మీకు 5 లక్షలే వచ్చిన ఏడాది మళ్లీ ఎదురైతే, ఇంట్లో పొయ్యి వెలగకముందే ఆదాయమంతా బ్యాంకుకు పోయి ఇంకా బాకీ మిగులుతుంది. బ్యాంకువారు మీ 18 లక్షల రిటర్న్ చూసి రుణం మంజూరు చేయవచ్చు గానీ, మీరు మాత్రం మీ సగటు కన్నా మీ కనిష్ఠ ఆదాయాన్నే చూసుకోవాలి.

ఉన్న 9 లక్షల్లో ఏడాది ఖర్చుకు సరిపడా 4.8 లక్షలను ఫిక్స్‌డ్ డిపాజిట్‌లో విడిగా ఉంచండి. అమ్మగారికి, మీకు వేర్వేరు ఆరోగ్య బీమా, మీ పేరిట టర్మ్ పాలసీ తీసుకోండి. పారితోషికాలన్నీ ఒక ఖాతాలో పడేలా చూసి, అందులోంచి ప్రతి నెలా 45 వేలు మాత్రమే జీతంలా ఇంటి ఖాతాకు మార్చుకోండి. పెద్ద మొత్తం వచ్చినప్పుడు పీపీఎఫ్‌లో ఏడాదికి లక్షన్నర వరకు వేయవచ్చు, రాని ఏడాది 500 రూపాయలు కట్టినా ఖాతా నిలుస్తుంది. దీర్ఘకాలానికి, షేర్ మార్కెట్ సూచీని అనుసరించే ఇండెక్స్ ఫండ్ చాలు.

పన్ను విషయంలో మీకు ఒక శుభవార్త. ఆదాయపు పన్ను చట్టంలో ఇన్నాళ్లూ 44ఏడీఏ సెక్షన్‌గా పిలుస్తున్న పద్ధతి స్క్రీన్‌ప్లే, సంభాషణల రచయితలకూ వర్తిస్తుంది. దాని ప్రకారం వసూళ్లలో సగాన్ని ఆదాయంగా చూపవచ్చు. ఆ 18 లక్షలు 2025-26లో వచ్చినవైతే ఆదాయం 9 లక్షలవుతుంది. వేరే ఆదాయం లేనప్పుడు కొత్త పన్ను విధానంలో 12 లక్షల దాకా పన్ను పడదు కాబట్టి, నిర్మాతలు కోసుకున్న 10 శాతం టీడీఎస్ (చెల్లింపులోనే ముందుగా పట్టుకునే పన్ను) రిఫండ్‌గా తిరిగి వస్తుంది. అయితే ఏడాది వసూళ్లు 20 లక్షలు దాటితే జీఎస్టీ నమోదు తప్పదు.

టైటిల్ కార్డులో కలం పేరే ఉండనివ్వండి, ఒప్పందం మాత్రం పాన్ కార్డులోని అసలు పేరుతో రాయించి, ఆ కలం పేరు మీదేనని అందులోనే చేర్పించండి. రచయిత ఎవరో వెల్లడైతే కాపీరైట్ ఆయన మరణానంతరం 60 ఏళ్లు ఉంటుంది, వెల్లడి కాకపోతే ప్రచురణ నుంచి 60 ఏళ్లే. ఈ హక్కులు ఎవరికి చెందాలో వీలునామాలో రాసి, ఒప్పందాల నకళ్లు ఎక్కడున్నాయో అమ్మగారికి చెప్పి ఉంచండి.