డింభకుడు: తిట్టా, ముద్దా?

సందేహం: మా గ్రంథాలయ వార్షికోత్సవ సంచికకు ఎస్వీ రంగారావుగారి మీద వ్యాసం రాస్తున్నాను. ‘పాతాళభైరవి’లో ఆయన నోట వచ్చే ‘డింభకా’ అన్న పిలుపుకు ‘కుర్రవాడా’ అని అర్థం రాశాను. మా మనవడు కాదంటున్నాడు. వాడి స్నేహితుల్లో డింభకుడంటే తెలివితక్కువవాడట. ఆయన ఎక్కువగా విలన్‌గా నటించడం జరిగింది కాబట్టి అది తిట్టే కావచ్చా? డింభక, ఢింభక, డింబక... వీటిలో ఏది ఒప్పు? (ఒక పాఠకురాలు, నెల్లూరు)

సమాధానం: ముందు ఆ ‘నటించడం జరిగింది’ని కొట్టెయ్యండమ్మా. రంగారావుగారు నటించారు. అది దానంతటది జరిగిపోలేదు. మంత్రిగారు ప్రారంభించడం జరిగింది, అధ్యక్షులు ప్రసంగించడం జరిగింది అంటూ సభల్లో మొదలైన ఈ జాడ్యం చివరికి ఆయన దాకా వచ్చిందంటే బాధగా ఉంది.

ఇక మాట సంగతి. డింభుడన్నా డింభకుడన్నా పసివాడు. అమరసింహుడి సంస్కృత నిఘంటువు అమరకోశం, సింహాదివర్గంలో ‘పోతః పాకోఽర్భకో డింభః’ అంటూ పిల్లల పేర్ల వరసలో చేర్చింది. అదే అమరం నానార్థవర్గంలో ‘డింభౌ తు శిశుబాలిశౌ’ అంటుంది. శిశువు ఒక అర్థం, బాలిశుడు, అంటే మూఢుడు, రెండో అర్థం. కాబట్టి మీ మనవడు తెలియకుండానే అమరసింహుడి పక్షాన ఉన్నాడు. పక్కనున్న అర్భకుడిదీ ఇలాంటి కథే. సంస్కృతంలో పిల్లవాడు, తెలుగులో బక్కప్రాణి అయ్యాడు. హరివంశంలోని హంసడింభకుల జోలికి ఇప్పుడు పోనక్కర్లేదు, అక్కడది పేరు.

నిఘంటువు రెండర్థాలూ ఇచ్చి ఊరుకుంటుంది. ఏ చోట ఏది పలుకుతుందో తేల్చాల్సింది కవి, ఆ తరవాత నటుడు. ఈ మాట విషయంలో ఇద్దరూ గట్టివాళ్లే దొరికారు. పోతన భాగవతం సప్తమస్కంధంలో ప్రహ్లాదుడితో హిరణ్యకశిపుడు ఏమంటాడో చూడండి:

డింభక! సర్వస్థలముల
నంభోరుహనేత్రుఁ డుండు ననుచు మిగుల సం
రంభంబునఁ బలికెద వీ
స్తంభంబునఁ జూపఁగలవె చక్రిన్ గిక్రిన్

ఆ ‘చక్రిన్ గిక్రిన్’ దగ్గర కాసేపు ఆగాలి. పులీ గిలీ, పుస్తకం గిస్తకం అని మన ఇళ్లల్లో వాడుకునే గికారాన్ని తెచ్చి, సాక్షాత్తు విష్ణువు పేరుకు తగిలించాడు మహానుభావుడు! అంతకుముందు అంభోరుహనేత్రుడు, సర్వస్థలములు అంటూ సంస్కృతంలో గంభీరంగా నడిచిన పద్యం, చివరి మాటకు వచ్చేసరికి వంటింటి వసారాలో పడింది. ముల్లోకాలను గెలిచిన రాజు అక్కడ కొడుకు మాట వినక విసిగిపోయిన తండ్రి. దేవుడే ‘గిక్రి’ అయిపోయిన చోట డింభకుడు ముద్దుబిడ్డ ఎలా అవుతాడు? ‘ఓరి వెర్రి కుర్రవాడా’ అన్న ఎకసెక్కెం అందులో ఉంది. శిశువూ బాలిశుడూ ఒక్క పిలుపులో కలిశారు. అమరంలో ‘డింభౌ’ తరవాతి పాదం ‘స్తంభౌ’తోనే మొదలవుతుంది. పోతనగారి చెవిలో ఆ వరస మోగిందేమోనని నా అనుమానం. రుజువు అడగకండి.

1967 నాటి ‘భక్త ప్రహ్లాద’లో ఆ హిరణ్యకశిపుడు రంగారావుగారే. దానికి పదహారేళ్ల ముందు, 1951లో, ‘పాతాళభైరవి’లో నేపాళ మాంత్రికుడు. అక్కడ డింభకుడు ఎన్.టి.రామారావు వేసిన తోటరాముడు. అప్పటికి రంగారావుగారికి ముప్పైరెండేళ్లు, రామారావుగారికి ఇరవైయేడు. అయిదేళ్లు కూడా నిండని పెద్దరికంతో ఆయన ‘డింభకా’ అంటే, ఏదో వందేళ్ల ముసలి మాంత్రికుడు పసివాణ్ని పిలిచినట్టే ఉంటుంది. సాహసం చేస్తే రాజకుమారి దక్కుతుందని ఊరించే పిలుపు అది. బలికి తీసుకుపోతున్నవాణ్ని తిడితే వాడు వెంట రాడు కదా! అందుకని అక్కడ మీ ‘కుర్రవాడా’యే సరి. బాలిశుడన్న అర్థం మాంత్రికుడి మనసులో ఉంటే ఉండొచ్చు.

ఆ కాలపు మద్రాసు స్టూడియోల్లో ఒక్కొక్కరికి ఒక్కో మూస పడిపోయేది. ఈయనకు పడలేదు. నూజివీడులో పుట్టి, అగ్నిమాపక శాఖలో ఉద్యోగం చేసి, ‘వరూధిని’లో ప్రవరాఖ్యుడిగా తెరమీదికి వచ్చారు. పెద్దన మనుచరిత్రలో ‘అలేఖ్య తనూవిలాసుఁడు’, అంటే బొమ్మ గీయడానికి అందని అందగాడు, అన్న ఆ ప్రవరుడే! అక్కడ కలిసిరాలేదు. 1950లో ‘షావుకారు’ సున్నం రంగడితో నిలబడ్డారు. 1957లో ‘మాయాబజార్’ ఘటోత్కచుడై, ఎవరూ పుట్టించకపోతే మాటలెలా పుడతాయని అడిగి మా వ్యాకర్తల నోళ్లు మూయించారు. ‘నర్తనశాల’ కీచకుడికి జకార్తా ఆఫ్రో-ఆసియా చిత్రోత్సవంలో ఉత్తమ నటుడి బహుమతి వచ్చింది. ఇన్ని పాత్రలు వేసినవారిని ‘విలన్’ అని ఒక్క ముక్కలో తేల్చేస్తే ఎలా? కీచకుణ్ని ప్రతినాయకుడనండి, ఒప్పుకుంటాను. ఘటోత్కచుడు ఎవరికి విలన్?

వర్ణక్రమం. భకారానికి పోతన పద్యంలోని ప్రాసే సాక్షి: డింభ, నంభో, రంభం, స్తంభం. కాబట్టి డింబక తప్పు. మొదటి అక్షరం డకారమే, అమరం సాక్షి. వీడియోల మీద ఢింభక అని రాసేవాళ్లది అజ్ఞానం అందామంటే నోరు రావడం లేదు. రంగారావుగారి గొంతులో ఆ డకారానికి లేని ఒత్తు కూడా వినిపిస్తుంది, వాళ్లు విన్నదే రాశారు. అయినా మీరు రాయకండి.

మీ మనవడి వాడుకను నేను తప్పనలేను, నిఘంటువు అడ్డొస్తుంది. కానీ ఈ పిలుపు పైనుంచి కిందికి రావాలి. తండ్రి కొడుకుని, మాంత్రికుడు తోటరాముణ్ని అనాలి. ఒకే బెంచీ మీద కూర్చునే పిల్లలు ఒకరినొకరు డింభకా అనుకుంటే నా చెవికి పొసగదు. వాళ్లకు పొసిగితే కాదనడానికి నేనెవరిని? పోతన హ్రస్వంగా ‘డింభక’ అన్నాడు, అది సంస్కృత సంబోధన. సినిమాలో ‘డింభకా’ తెలుగు సంబోధన. మీ వ్యాసంలో రెండోదే ఉంచండి.