వెనక బంపర్ విప్పబోయే అబ్బాయికి

చిరంజీవి అబ్బాయికి, బెజవాడ నుంచి పెదనాన్న ఆశీస్సులు.

నువ్వు పంపిన ఫోటోలు కళ్లజోడు పెట్టుకుని రెండుసార్లు చూశాను. కారు వెనక్కి తీస్తూ బ్రాడీపేట ఇంటి గేటు స్తంభానికి తగిలించావని మీ అమ్మ నీకన్నా ముందే ఫోన్ చేసి చెప్పింది. బంపర్ కుడి మూలన అరచేయంత సొట్ట, దాని పైన బంపర్‌కూ బాడీకీ మధ్య వేలు దూరేంత సందు కనిపిస్తున్నాయి. పగులు లేదు, రంగు లేవలేదు, డిక్కీ తలుపు ఎప్పటిలాగే పడుతోందని రాశావు. అలాంటప్పుడు టింకరింగు షాపుకు పరుగెత్తవలసిన పని లేదు. బంపర్ విప్పి, లోపలి నుంచి సొట్ట తీసి, తిరిగి బిగించడం ఒక ఉదయం పూట ఇంటి దగ్గరే అయ్యే పని.

ఆర్టీసీ గ్యారేజీలో 32 ఏళ్లు పనిచేసినవాడిని కనుక నాకు ఇది పుట్టుకతో వచ్చిన విద్య అనుకుంటావేమో, కాదు. బస్సు బంపర్ ఇనుముది. నాలుగు బోల్టులు ఊడదీసి ఇద్దరం మోసుకుపోయేవాళ్లం. రిటైరైన కొత్తలో నా సొంత కారు బంపర్‌ను అదే అలవాటుతో రెండు చేతులా పట్టుకుని గుంజితే, ఎడమవైపు కొక్కేలు రెండూ పుటుక్కున విరిగి చేతిలోకి వచ్చాయి. తీరా చూస్తే చక్రం వెనక, మట్టి కింద, నేను విప్పని స్క్రూ ఒకటి మిగిలిపోయి ఉంది. నీకు చెప్పదలచినదంతా ఆ ఒక్క స్క్రూ చుట్టూనే తిరుగుతుంది: కారు బంపర్ కదలడం లేదంటే నీ బలం చాలడం లేదని కాదు, విప్పవలసినది ఇంకా ఏదో మిగిలి ఉందని అర్థం.

పానా పట్టుకునే ముందు ఇన్సూరెన్సు లెక్క తేల్చుకో. క్లెయిము చేసే ఆలోచన ఏమాత్రం ఉన్నా బంపర్ మీద చెయ్యి వేయకూడదు. ముందు కంపెనీకి తెలియజేసి, సర్వేయరు వచ్చి చూసేదాకా బండిని దెబ్బతిన్న స్థితిలోనే ఉంచాలి. ఈ సొట్టకు క్లెయిము వద్దనే నా అభిప్రాయం. మూడేళ్లుగా నువ్వు క్లెయిము చేయలేదు కాబట్టి బండి డ్యామేజీకి కట్టే ప్రీమియంలో నో క్లెయిమ్ బోనస్ అనే తగ్గింపు 35 శాతానికి వచ్చి ఉంటుంది. ఇంకో ఏడాది ఆగితే 45, ఆ పై ఏడాది 50 అవుతుంది. బోనస్‌ను కాపాడే ప్రత్యేక కవరు లేకపోతే ఒక్క క్లెయిముతో అది సున్నాకు పడిపోతుంది. అదీగాక 1500 సీసీ లోపు కారుకు ప్రతి క్లెయిములోనూ 1000 రూపాయలు మన జేబులోంచి పెట్టుకోవాలి, పాతబడినందుకు కోత పెట్టని జీరో డిప్రిసియేషన్ కవరు తీసుకోనివాళ్లకు ప్లాస్టిక్ భాగాల ఖరీదులో సగమే ఇస్తారు. అరచేయంత సొట్ట కోసం ఇన్ని వదులుకోవడం నాకు మనసొప్పదు. అయితే విప్పకముందే నేల మీద పడుకుని టార్చిలైటుతో కింద నుంచి ఒకసారి చూడు. డిక్కీలో చాప ఎత్తి స్టెప్నీ గుంటను కూడా చూడు. బంపర్ వెనక అడ్డంగా ఉండే ఇనుప దూలం వంగినట్టు కనిపించినా, ఆ గుంట అంచులో రేకు ముడతపడినా అక్కడితో ఆగిపోయి నాకు ఫోన్ చెయ్యి. అప్పుడది సొట్ట కాదు, క్లెయిము చేయవలసిన దెబ్బ.

పనికి ఉదయం ఆరు గంటల వేళ మంచిది. రెంటచింతల ఎండలకు పేరుపడ్డ ఉమ్మడి గుంటూరు జిల్లాలో పుట్టినవాడికి మే నెల మధ్యాహ్నం కారు రేకు మీద చెయ్యి పెడితే ఏమవుతుందో నేను చెప్పనక్కరలేదు. బండిని చదునైన చోట నీడలో నిలిపి, హ్యాండ్‌బ్రేకు వేసి, మొదటి గేరులో ఉంచి, ముందు చక్రాలకు ఇటుకలు అడ్డం పెట్టు. అప్పుడే తిప్పి తెచ్చిన బండైతే సైలెన్సరు చల్లారేదాకా ఆగు, ఎందుకంటే కింది క్లిప్పుల పని దాని పక్కనే ఉంటుంది. జాకీ ఎక్కించే అవసరం సాధారణంగా రాదు. స్టీరింగు ఎటు తిప్పినా వెనక చక్రాలు తిరగవు గనుక చెయ్యి దూరక ఇబ్బంది పడి జాకీ పెట్టవలసి వచ్చినా, కేవలం జాకీ మీద నిలబడ్డ బండి కిందికి తల మాత్రం పెట్టవద్దు. ఈ విషయంలో నా మాట కాదనవద్దు.

పనిముట్లు పెద్దగా అక్కరలేదు. ఒక స్టార్ స్క్రూడ్రైవరు, మొనకు టేపు చుట్టిన చిన్న బద్ద స్క్రూడ్రైవరు, ఎనిమిది, పది నంబర్ల పానాలు, రంగు గీసుకుపోకుండా బాడీ అంచులకు అంటించడానికి పెయింటర్లు వాడే కాగితపు టేపు, కింద పరచడానికి పాత బొంత ఉంటే చాలు. వీటన్నిటికన్నా ముఖ్యమైనది ఒక అట్టముక్క. దాని మీద కారు వెనక భాగం బొమ్మ వంకరటింకరగానైనా గీసి, ఏ చోట విప్పిన స్క్రూను ఆ చోటే అట్టకు గుచ్చు. స్క్రూలన్నీ ఒకేలా కనిపిస్తాయి గాని పొడవులో తేడా ఉంటుంది. పొట్టిది ఉండవలసిన చోట పొడుగుది బిగిస్తే, దాని మొన వెళ్లి ఏ వైరునో, ఎదుటి రంగునో గుచ్చుతుంది.

ముందు డిక్కీ తెరిచి టెయిల్ ల్యాంపులు తీయాలి, ఎందుకంటే చాలా కార్లలో బంపర్ పై మూలల స్క్రూలు వాటి వెనకే దాక్కుని ఉంటాయి. ఒక్కో ల్యాంపుకు డిక్కీ అంచున సాధారణంగా రెండు స్క్రూలు కనిపిస్తాయి. అవి తీసినా ల్యాంపు ఊడి రాదు. బయటి వైపు ప్లాస్టిక్ సూదులు బాడీ రంధ్రాల్లో బిగుసుకుని ఉంటాయి. ల్యాంపును పక్కకు తిప్పకుండా నేరుగా నీ వైపుకు, బండి వెనక్కు లాగు. వైర్లను కలిపే ప్లాస్టిక్ జోడును కప్లర్ అంటారు, అది తీసేటప్పుడు దాని గోరు నొక్కి పట్టి ప్లాస్టిక్ భాగాన్నే పట్టుకుని లాగాలి, వైరు పట్టుకుని కాదు. ల్యాంపులు వచ్చాక డిక్కీ గడప పొడవునా ఉన్న స్క్రూలూ క్లిప్పులూ తీసెయ్యి. అవి ఎదురుగానే ఉంటాయి కనుక ఇబ్బంది లేదు.

ఇబ్బంది అంతా చక్రాల దగ్గర. వెనక చక్రం పైన కమాను ఆకారంలో నల్ల ప్లాస్టిక్ లైనింగు ఉంటుంది. దాని అంచున, బంపర్ మొదలయ్యే చోట, పక్క నుంచి కనిపించే స్క్రూలు ఒకటో రెండో ఉంటాయి. వాటిని తీసి అంతా అయిపోయిందనుకుంటారు. ఆ లైనింగును చేత్తో కాస్త వెనక్కి మడిచి టార్చి వేసి చూస్తే, బంపర్ మూలను బాడీ రేకుకు కలిపే స్క్రూ చాలా బండ్లలో కింద నుంచి పైకి నిలువుగా బిగించి ఉంటుంది. నన్ను ముంచింది అదే. మన నల్లరేగడి మట్టి దాని తలను మూసేసి రాయిలా గట్టిపడుతుంది. స్క్రూడ్రైవరు సగమే దిగి తల అరిగిపోతుంది. అందుకని ముందు రోజు సాయంత్రమే ఆ చోట నీళ్లు కొట్టి, పాత టూత్‌బ్రష్షుతో రుద్ది, తుప్పు వదిలించే స్ప్రే కొంచెం వేసి ఉంచు. పొద్దున స్క్రూడ్రైవరును గట్టిగా అదిమి పట్టి నెమ్మదిగా తిప్పు. తల అరగడం మొదలైతే అక్కడే ఆపి, ఇంకో సైజు స్క్రూడ్రైవరుతో ప్రయత్నించు.

క్లిప్పుల సంగతి కొంచెం వివరంగా చెబుతాను, వాటిని విరగ్గొట్టనివాడిని నేనింతవరకు చూడలేదు. పావలా బిళ్లంత నల్ల ప్లాస్టిక్ తల, దాని నడుమ ఇంకో చిన్న గుండ్రటి బొడ్డు ఉంటుంది. బొడ్డు అంచున స్క్రూడ్రైవరు మొన పట్టే గాడి ఉంటే, దాన్ని పైకి లేపి తర్వాత క్లిప్పు మొత్తాన్ని లాగాలి. గాడి లేక బొడ్డు నున్నగా ఉంటే, దాన్ని కొద్దిగా లోపలికి నొక్కాలి. టిక్కుమని ఒక చిన్న చప్పుడు వినిపించి క్లిప్పు కాళ్లు దగ్గరపడతాయి, అప్పుడు గోటితో ఎత్తినా వచ్చేస్తుంది. మరీ లోతుగా పొడిస్తే బొడ్డు లోపల పడిపోతుంది, ఇక దొరకదు. స్టార్ గాడి ఉన్నవి మూడో రకం. వాటిని స్క్రూలాగే తిప్పాలి గాని, ఒక్కోసారి క్లిప్పు మొత్తం గిరగిర తిరుగుతుంది తప్ప పైకి రాదు. అప్పుడు దాని తల కింద బద్ద స్క్రూడ్రైవరు దూర్చి పైకి ఎత్తిపట్టి తిప్పితే వస్తుంది. బంపర్ అడుగున ఇవే వరుసగా ఉంటాయి. ఎన్ని జాగ్రత్తలు తీసుకున్నా రెండు మూడు విరుగుతాయి కాబట్టి ముందే ఒక పాతది స్పేర్ పార్టుల షాపుకు పట్టుకెళ్లి చూపించి అర డజను కొత్తవి కొనిపెట్టుకో. అక్కడ దొరకకపోతే నేను మా జవహర్ ఆటోనగర్ నుంచి తెచ్చి పెడతాను.

ఇక లాగడం. దీనికి రెండో మనిషి కావాలి. మీ నాన్నను పిలవవద్దు, వాడి తొందర చిన్నప్పటి నుంచి నాకు తెలుసు. మీ అమ్మను నిలబెట్టుకో. చక్రం దగ్గర బంపర్ అంచును పట్టుకుని వెనక్కి కాకుండా నీ పక్కకు, అంటే బండికి దూరంగా, గట్టిగా ఒక్కసారి లాగితే లోపలి కొక్కేలు పటపటమని వరుసగా వదులుతాయి. ఆ చప్పుడు విని భయపడకు, అది విరిగిన చప్పుడు కాదు. ఒక పక్క వచ్చాక ఆ పక్కను మీ అమ్మ చేతిలో పెట్టి రెండో పక్కకు వెళ్లు. రెండు పక్కలూ వదిలాక ఇద్దరూ కలిసి నేరుగా వెనక్కి జరపండి, కాని జానెడు దూరం రాగానే ఆగండి. 2019 జూలై 1 తర్వాత తయారైన కార్లకు వెనక పార్కింగు సెన్సర్లు తప్పనిసరి చేశారు, నీది 2021 బండి. ఆ సెన్సర్ల వైర్లన్నీ ఒక కప్లర్ దగ్గర కలిసి బాడీలోకి వెళతాయి. నంబరు ప్లేటు బంపర్ మీదే ఉంటే దాని దీపం వైరు కూడా ఉంటుంది. తాళంచెవి తీసేసి ఉందో లేదో చూసుకుని, కప్లర్ విడదీసి, అప్పుడు బంపర్‌ను బొంత మీద పడుకోబెట్టు. నంబరు ప్లేటు జోలికి మాత్రం పోవద్దు. హై సెక్యూరిటీ ప్లేటుకు వేసే లాకు ఒకసారి తీస్తే మళ్లీ పనికిరాదు.

బంపర్ వచ్చాక లోపల కనిపించే దృశ్యం నీకు నచ్చదు. 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి సింగ్‌నగర్ మునిగినప్పుడు మన బంధువుల కారు నాలుగు రోజులు నీళ్లలో నానింది. షెడ్డులో సీట్లు ఆరబెట్టి, కార్పెట్లు మార్చి, అంతా శుభ్రం చేశామని చెప్పి పంపారు. ఆరు నెలల తర్వాత నేను వెనక బంపర్ విప్పితే ఇనుప దూలం మీద రెండు దోసిళ్ల బురద ఎండి పెచ్చులు కట్టి ఉంది, దాని కింద రేకు ఎర్రగా తుప్పెక్కింది, సెన్సరు కప్లర్ పిన్నులకు పచ్చటి చిలుము పట్టింది. నీ బండి వరదలో మునగలేదు గాని, ఇన్ని వర్షాకాలాల్లో చిమ్మిన బురద అక్కడ తప్పక ఉంటుంది. దాన్ని నీళ్లతో కడిగి, ఆరనిచ్చి, తుప్పు మచ్చలు ఉంటే గరుకు కాగితంతో రుద్ది ప్రైమర్ పూసెయ్యి. దూలం ముందు తెల్లటి ఫోము దిమ్మ ఉంటే అది నలిగిందేమో చూడు.

సొట్ట తీయడం వీటన్నిటికన్నా తేలిక. బంపర్ పాలీప్రొపిలీన్ అనే ప్లాస్టిక్‌తో చేసింది. లోపలి వైపు ఆ పేరు పొడి అక్షరాలు అచ్చు వేసి ఉంటాయి. మరిగే నీళ్లకు అది కరగదు గాని మెత్తబడుతుంది. నీళ్లు బాగా మరిగించి సొట్ట మీద బయటి వైపు నుంచి నెమ్మదిగా ధారగా పోస్తూ, చేతికి మందపాటి గుడ్డ చుట్టుకుని లోపలి నుంచి అంచుల దగ్గర మొదలుపెట్టి నడుమకు వస్తూ నెట్టు. బొప్పున లేచిన వెంటనే చన్నీళ్లు పోస్తే ఆ ఆకారంలోనే నిలుస్తుంది. కోసుగా మడతపడిన చోట గీత మిగులుతుంది, దానికి ఏమీ చేయలేం. ఎక్కడైనా పగులు కనిపిస్తే అంగట్లో దొరికే జిగురులు పూసి పాడుచేయవద్దు, ఈ ప్లాస్టిక్‌కు అవి పట్టవు. పగులును వేడితో అతికించే పనివాళ్ల దగ్గరికి బంపర్ ఒక్కదాన్నే పట్టుకెళ్లవచ్చు.

వెనక ఇనుప గార్డు వేయించుకోమని నీ స్నేహితుడు చెప్పాడని రాశావు. అలాంటి గార్డులు వేయడం చట్టవిరుద్ధమని 2017 డిసెంబరులోనే కేంద్ర రవాణా శాఖ రాష్ట్రాలకు రాసింది. చట్టం సంగతి అలా ఉంచినా, దెబ్బ తగిలినప్పుడు బంపర్, ఫోము నలిగి ఆ ఊపును తాము తీసుకోవాలి. గార్డు ఉంటే అది నేరుగా చాసిస్ మీదికి పోతుంది. ఆ డబ్బుతో గేటు స్తంభానికి పాత టైరు ముక్క కట్టించు.

బిగించేటప్పుడు ముందుగా కప్లర్ పెట్టి, తాళం తిప్పి, రివర్స్ గేరు వేసి చూడు. ఇంజను స్టార్ట్ చేయనక్కరలేదు. బంపర్ పూర్తిగా బిగించిన తర్వాత సెన్సరు పలకకపోతే మళ్లీ మొదటికి వస్తుంది. ఆ తర్వాత నడుమ భాగాన్ని ఆనించి, రెండు పక్కలా కొక్కేలు గాడిలో పడ్డాయని చూసుకుని, అరచేత్తో చరుస్తూ పో. సందు రెండు వైపులా సమానంగా ఉందని తేలేదాకా ఏ స్క్రూనూ పూర్తిగా బిగించకు. అన్నీ సగం సగం ఎక్కించి, చివర ఒక చుట్టు తిరిగి బిగించు. నున్నటి బొడ్డు క్లిప్పులను పెట్టేముందు బొడ్డును పైకి లాగి ఉంచి, రంధ్రంలో దించాక తలకు సమంగా నొక్కాలి. అట్ట మీద స్క్రూ ఒకటి మిగిలితే డిక్కీలో పడేసి ఊరుకోవద్దు, అది ఎక్కడిదో ఆ బొమ్మలోనే ఉంటుంది.

పని మొదలుపెట్టే రోజు ముందుగా చెప్పు, ఫోన్ దగ్గర పెట్టుకుని కూర్చుంటాను. చక్రం వెనక స్క్రూ దొరకకపోతే వీడియో కాల్ చెయ్యి. అప్పటికీ దొరకకపోతే బంపర్‌ను అలాగే వదిలెయ్యి, వారధి దాటి గంటలో అక్కడ ఉంటాను.

ఇట్లు,
పెదనాన్న,
పటమట, విజయవాడ.