పాఠకుల ప్రశ్నలు: రేడియో కేంద్రంలో పాత కంప్యూటర్

ప్రశ్న: మా కమ్యూనిటీ రేడియోలో ఉదయం అన్నమయ్య కీర్తనల నుంచి రాత్రి రైతుల కార్యక్రమం దాకా అన్నీ విండోస్ ఎక్స్‌పీ కంప్యూటర్‌లోని ఒక పాత ఆటోమేషన్ సాఫ్ట్‌వేరే వరుసగా వినిపిస్తుంది. ఈమధ్య కరెంటు పోయి వచ్చినప్పుడల్లా కార్యక్రమాలు వేళ తప్పుతున్నాయి. సాఫ్ట్‌వేర్ మార్చేయాలా?
– ఒక పాఠకురాలు, తిరుపతి

జవాబు: తొందరపడి మార్చవద్దు. ఇలాంటి సాఫ్ట్‌వేర్ ఏ పాట ఎప్పుడు మొదలుపెట్టాలో కంప్యూటర్ గడియారాన్ని చూసే నిర్ణయించుకుంటుంది. కంప్యూటర్ లోపలి ప్రధాన బోర్డు, అంటే మదర్‌బోర్డు మీద ఉండే సీఆర్ 2032 అనే బిళ్ల బ్యాటరీ అయిపోతే, కరెంటు పోయిన ప్రతిసారీ ఆ గడియారం పాత తేదీకి వెళ్లిపోతుంది. ముందుగా ఆ బ్యాటరీని మార్చి చూడండి.

ఎక్స్‌పీకి భద్రతా సవరణలు 2014 ఏప్రిల్ 8తో ఆగిపోయాయి కనుక ఆ కంప్యూటర్‌ను ఇంటర్నెట్‌కు కలపకండి. పెన్‌డ్రైవ్‌లను వేరే కంప్యూటర్‌లో వైరస్ పరీక్ష చేశాకే దానికి పెట్టండి. నన్ను కలవరపెట్టేది సాఫ్ట్‌వేర్ వయసు కాదు, హార్డ్‌డిస్కు వయసు. ఊరి పెద్దల గొంతులు, మళ్లీ దొరకని జానపద గీతాలు ఒకే డిస్కులో ఉంటే, అది పాడైన రోజున వాటిని ఎవరూ తిరిగి తేలేరు. ఈ వారమే డిస్కు మొత్తాన్ని యథాతథంగా మరొక డిస్కుకు నకలు తీయించండి. ప్రసారమైన కార్యక్రమాలను మూడు నెలలు భద్రపరచాలన్న నిబంధన కూడా ఉంది; నిమిషానికి దాదాపు అర మెగాబైటు తీసుకునే 64 కేబీపీఎస్ నాణ్యతలో రోజంతా రికార్డు చేసినా 90 రోజులకు సుమారు 65 జీబీ చాలు.

ఆ తరువాత నెమ్మదిగా కొత్తదానికి మారవచ్చు. విండోస్‌కు బదులు వాడే లినక్స్ మీద ఉచితంగా నడిచే రివెండెల్ అనే రేడియో ఆటోమేషన్ సాఫ్ట్‌వేర్ ఉంది. మన దేశంలోని కమ్యూనిటీ రేడియోల కోసమే గ్రామ్ వాణి సంస్థ గ్రిన్స్ అనే వ్యవస్థను తయారుచేసింది. ఏది ఎంచుకున్నా, పాత యంత్రం ప్రసారం చేస్తుండగానే కొత్తదాన్ని ట్రాన్స్‌మిటర్‌కు కలపకుండా రెండు వారాలు పక్కన నడిపించి, అది వేళ తప్పడం లేదని నిర్ధారించుకున్నాకే మార్చండి. పాత సౌండ్ కార్డు పీసీఐ అనే పాతరకం స్లాటులో పెట్టేదైతే కొత్త మదర్‌బోర్డుల్లో చాలావాటికి ఆ స్లాటే ఉండదు. ఆ ఖర్చును ముందే లెక్కలో వేసుకోండి.

ప్రశ్న: తెలుగులో పేరు పెట్టిన పాటలు మా పాత సాఫ్ట్‌వేర్‌లో ప్రశ్నార్థకాలుగా కనిపిస్తున్నాయి. ఏం చేయాలి?
– ఒక పాఠకుడు, చిత్తూరు

జవాబు: అన్ని భాషల అక్షరాలనూ కంప్యూటర్ గుర్తించేలా చేసే యూనికోడ్ అనే ప్రమాణం మీ సాఫ్ట్‌వేర్‌కు తెలియదు. విండోస్‌లో భాషను మార్చినా ఫలితం ఉండదు. యూనికోడ్ తెలియని ప్రోగ్రాముల కోసం కొన్ని భాషలకు ఇచ్చిన కోడ్‌పేజీ, అంటే అక్షరాల పట్టిక, తెలుగుకు లేదు. ఫైళ్ల పేర్లను ఇంగ్లీషు అక్షరాల్లో పెట్టి, తెలుగు పేర్ల పట్టికను విడిగా ఉంచుకోండి. పేరు మార్చిన ఫైలును పాత ప్లేలిస్టు కనుక్కోలేదు కనుక ఈ పనిని ప్రసారం లేని వేళలో చేసి, ప్లేలిస్టులను కూడా అప్పుడే సరిచేయండి.