నాటకాన్ని సినిమాగా తీస్తే ‘నాటకంలా ఉంది’ అని ఎందుకంటారు? ఏది ఉంచాలి, ఏది తీసెయ్యాలి?

పరిషత్తుల్లో, అంటే నాటక పోటీల్లో, బహుమతులొచ్చిన మీ నాటికను సినిమాగా తీద్దామనుకుంటున్నారు. తెలిసినవాళ్ళంతా ‘బయట సీన్లు పెంచండి, పాటలు పెట్టండి, లేకపోతే నాటకంలా ఉంటుంది’ అంటున్నారని రాశారు. నేను తెనాలి వైపు మనిషిని. పరిషత్తు నాటికల్లో వేషాలు వేశాను. తరవాత వాటిల్లో ఒకదాన్ని అదే బృందంతో చిన్న సినిమాగా తీశాం. అందుకని కాస్త వివరంగానే రాస్తాను.

బయట సీన్లు పెంచమన్న సలహాను ముందు పక్కన పెట్టండి. ఇంట్లో జరిగే కథను బస్టాండుకీ చెరువుగట్టుకీ తిప్పినంత మాత్రాన నాటకం వాసన పోదు. ఆ వాసన వచ్చేది గోడల వల్ల కాదు, ఎదురుగా జనం కూర్చున్నారన్న లెక్కతో రాసిన మాటల వల్ల. నాటకం చూసేవాడు ఊరికే చూడడు, సగం పని తనే చేస్తాడు. తెర మీద రంగుల్తో గీసిన అడవిని అడవిగా ఒప్పుకుంటాడు. పాత్ర తనలో తను మాట్లాడుకుంటే ఆ రహస్యం తనకే చెబుతోందనుకుని వింటాడు. అతను నవ్వేదాకా నటుడు ఆగుతాడు, చప్పట్లు కొడితే మాట పెంచుతాడు. సినిమాలో ఆ మనిషి లేడు. అతను చేసే పనులన్నీ అనాథలవుతాయి. వాటిల్లో ఏది కెమెరాకి అప్పగించాలి, ఏది ఇంకో పాత్రకి అప్పగించాలి, ఏది అసలు అక్కర్లేదు అని తేల్చుకోవడమే అనుసరణ. మిగతాదంతా దాని తరవాతే.

మన సినిమా మొదటి రోజు నుంచీ ఈ చిక్కుతోనే నడిచింది. 1932లో హెచ్.ఎం. రెడ్డి తీసిన తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ నాటకం నుంచి పుట్టిందే. అందులో లీలావతిగా వేసిన సురభి కమలాబాయి నాటకాల కుటుంబం నుంచి వచ్చినావిడే. తరవాత చాలాకాలం మనకు సినిమా అంటే పద్యనాటకానికి ఇంకో రూపం. ఇంగ్లీషువాళ్ళ మ్యూజికల్స్ గురించి చాలామంది రాస్తుంటారు కదా, మన మ్యూజికల్ పద్యనాటకం. అందుకని మీ ప్రశ్నకి దగ్గరి జవాబు కూడా అక్కడే దొరుకుతుంది.

తిరుపతి వేంకట కవుల ‘పాండవోద్యోగ విజయాలు’ తీసుకోండి. ‘చెల్లియో చెల్లకో’, ‘జెండాపై కపిరాజు’ పద్యాలు రానివాళ్ళు మా వైపు పల్లెల్లో తక్కువ. స్టేజీ మీద కృష్ణుడు పద్యం అయిపోయాక రాగం అందుకుంటాడు. హార్మోనియం వెంటబడుతుంది. జనం ఊగిపోతారు, ‘వన్స్‌మోర్’ అంటారు, ఆయన మళ్ళీ మొదలెడతాడు. అంతసేపూ కౌరవసభలో దుర్యోధనుడు ఏం చేస్తున్నాడో ఎవరికీ పట్టదు. ఎందుకంటే ఆ కాసేపు కథ ఆగిపోయిందని అందరూ ఒప్పుకున్నారు. కెమెరాకి ఆ ఒప్పందం తెలియదు. కృష్ణుడు రాగం తీస్తున్నంతసేపూ దుర్యోధనుడి ముఖం ఏదో ఒకటి చెప్పాలి, లేదా అక్కడ బొమ్మలా నిలబడాలి.

ఈ తేడా చెవులతో పట్టుకోవాలంటే రెండు సినిమాలు పక్కపక్కన పెట్టుకుని చూడండి. 1960లో వచ్చిన ‘శ్రీకృష్ణ రాయబారం’లో కృష్ణుడు ఈలపాట రఘురామయ్యగారు. అందులో గొంతు రంగస్థలానిదే, పద్యం ఎత్తుకునే తీరూ రంగస్థలానిదే. 1967లో ‘శ్రీకృష్ణావతారం’లో ఎన్టీఆర్‌కి ఘంటసాలగారు అవే పద్యాలు పాడారు. అక్కడ రాగం చాలా పొదుపు. మాట విరుపు, అర్థం, ఆ పాత్ర బరువు ముందుకొస్తాయి. ఘంటసాలగారికి రాగం తీయడం రాక కాదు కదా. మైకు నోటి దగ్గరికొచ్చింది, కెమెరా ముఖం దగ్గరికొచ్చింది, చివరి వరస దాకా గొంతు వినిపించాల్సిన అవసరం పోయింది. ఆ మిగిలిన బలాన్ని ఆయన మాట మీద పెట్టారు. రఘురామయ్యగారిని స్టేజీ మీద చూసిన మా పెద్దవాళ్ళు ఆ రాగం లేని పద్యం చప్పగా ఉంటుందనేవారు. వాళ్ళ బాధ నాకు అర్థమవుతుంది. కానీ సినిమాగా చూస్తే ఘంటసాలగారి దారే సరైనదని నా గట్టి నమ్మకం.

అదే నాటకంలోని పడక సీను గురించి కూడా ఒక మాట. కృష్ణుడు దొంగనిద్ర పోతుంటాడు, తలవైపు దుర్యోధనుడు, కాళ్ళవైపు అర్జునుడు. అది దొంగనిద్రని స్టేజీ మీద మనకి ముందే తెలుసు కాబట్టి ఆనందిస్తాం. సినిమాలో ఆ ఆనందాన్ని ఒక్క దగ్గరి షాటు ఇచ్చేస్తుంది. రెప్ప కొంచెం కదిలితే చాలు, మాట అక్కర్లేదు. మీ నాటికలో ఇలాంటి చోట్లు వెతకండి. పాత్ర మనసులోది జనానికి తెలియడానికి రచయిత మాట రాసిన ప్రతిచోటా, ఆ మాట పని ముఖం చేస్తుందేమో చూడండి.

‘శ్రీకృష్ణ తులాభారం’ నాటకం ఇంకా మంచి పాఠం. అందులో ‘మీరజాలగలడా నా యానతి’ అనే పాట ఉంది. సత్యభామగా స్థానం నరసింహారావుగారు దాన్ని పాడుతూ ఒక్కో మాటకి ఎన్ని రకాల అభినయాలు పట్టేవారో మా తాతల తరం కథలుగా చెప్పేది. మగమనిషి సత్యభామ అని జనం మనసారా ఒప్పుకున్నారు. ఆ ఒప్పుకోవడంలోనే సగం అందం ఉంది. 1966లో రామానాయుడుగారి సినిమాలో అదే పాట సుశీలగారి గొంతులో, జమునగారి ముఖం మీద వచ్చింది. పాట నిడివి తగ్గింది. తిరగేసి మరగేసి పాడటం పోయింది. దానికి బదులు జమునగారు వాలుజడ విసిరే తీరు, ముక్కు ఎగబీల్చే తీరు, క్షణంలో మారే చూపు వచ్చాయి. స్థానంవారు చేసిన పనిని అనుకరించకుండా, ఆ పని జనంలో కలిగించిన గర్వాన్ని ఇంకో దారిలో తెచ్చారు. నాటకం నుంచి మనం తీసుకెళ్ళాల్సింది అదే, జనం లోపల జరిగింది.

వచన నాటకానికొస్తే ‘కన్యాశుల్కం’ లేకుండా మాట్లాడలేం. 1892లో విజయనగరంలో మొదట ప్రదర్శించారు, మళ్ళీ తిరగరాసి 1909లో అచ్చువేశారు. ఇప్పుడు మనం చదివేది ఆ రెండోది, ఏడంకాలది. 1955లో పి. పుల్లయ్యగారు సినిమా తీశారు. గిరీశం ఎన్టీఆర్, మధురవాణి సావిత్రి. నాటకం మొదలవడమే గిరీశం ఒంటరిగా తన అప్పుల గురించీ తిప్పల గురించీ మనతో మాట్లాడుకోవడంతో. స్టేజీ మీద ఆ మాటలు వింటూనే మనం అతని జట్టులో చేరిపోతాం. సినిమాలో ఒక మనిషి గదిలో ఒక్కడే అంతసేపు మాట్లాడితే వినడానికి ఇబ్బందిగా ఉంటుంది. గురజాడవారు దానికి మందు కూడా నాటకంలోనే పెట్టారు: వెంకటేశం. గిరీశం గొప్పలన్నీ నోరు తెరుచుకుని వినే శిష్యుడు. సినిమా తీసేవాడికి అంతకంటే ఏం కావాలి? మీ స్వగతాలకి కూడా మీ నాటికలోనే ఒక వెంకటేశం దొరకొచ్చు, బయటినుంచి తేవద్దు.

ఆ సినిమాలో నాకు బాగా నచ్చిన పని ‘పుత్తడిబొమ్మ పూర్ణమ్మ’ పెట్టడం. అది గురజాడవారిదే, కానీ నాటకంలోది కాదు, విడిగా రాసిన గేయం. నాటకంలో చిన్నపిల్లల్ని అమ్ముకునే దురాచారం చుట్టూ బోలెడంత హాస్యం ఉంది. ఆ పిల్ల ఏడుపు మాత్రం మనకి దగ్గరగా వినబడదు. చదివేవాడూ చూసేవాడూ ఆ ఏడుపుని తమకి తామే ఊహించుకోవాలి. సినిమా ఆ లోటుని అదే రచయిత ఇంకో రచనతో పూడ్చింది. ‘పాటలు పెట్టండి’ అన్నవాళ్ళకి మీరివ్వాల్సిన జవాబు ఇది. నాటకం చెప్పకుండా వదిలిన చోట పాట రావాలి, చెప్పేసిన చోట వస్తే నిడివి పెరగడమే. అదే సినిమాలో నచ్చనిది కూడా చెబుతాను. నాటకంలో గిరీశాన్ని చూసి నవ్వుకుంటాం, కానీ నమ్మం. అంత అందమైన హీరో వేసేసరికి జనం అతన్ని ప్రేమించేశారు. పాత్రకి నటుణ్ణి ఎంచుకునేటప్పుడు కెమెరా మనిషి మీద ఇష్టాన్ని పెంచుతుందని గుర్తుపెట్టుకోండి.

ఇక గది సంగతి. ఒకే గదిలో నాటిక జరుగుతుందని భయపడకండి. సిడ్నీ లుమెట్ 1957లో ‘ట్వెల్వ్ యాంగ్రీ మెన్’ తీశాడు. మొదట టీవీ కోసం రాసిన నాటకం అది. దాదాపు మొత్తం జ్యూరీ గదిలోనే నడుస్తుంది. లుమెట్ బయటికి పరిగెత్తలేదు. మొదట కంటి ఎత్తుకి పైన ఉన్న కెమెరాని కథ సాగేకొద్దీ కిందికి దించాడు, లెన్సులు పొడవైనవి వాడుతూ పోయాడు. గోడలు మనుషుల మీదికొస్తున్నట్టు, పైకప్పు దిగుతున్నట్టు అనిపిస్తుంది. స్టేజీ మీద గది మొదటి నుంచి చివరిదాకా ఒకే సైజులో ఉంటుంది. సినిమాలో అదే గది పెరగొచ్చు, తరగొచ్చు. ఇది ఖర్చులేని పని, మా చిన్న యూనిట్‌కి కూడా సాధ్యమైంది.

మా నాటిక ఒక రిటైరైన మాస్టారి ఇల్లు అమ్మకం చుట్టూ తిరుగుతుంది. చివర్లో, అంతదాకా నోరెత్తని ఆయన భార్య ముందు మైకు దగ్గరికొచ్చి పెద్ద డైలాగు చెబుతుంది. పరిషత్తులో ఆ చోట చప్పట్లు మోగని ఊరు లేదు. స్క్రిప్టు రాసేటప్పుడు అందరం దాని దగ్గరే ఆగిపోయాం. ఆ మాటలు ఎవరితో? స్టేజీ మీద హాలుతో. సినిమాలో హాలు లేదు కాబట్టి కోడలితో అనిపించాం. వంటింట్లో చిక్కుడుకాయలు ఒలుస్తూ, తల ఎత్తకుండా. డైలాగులో పావు వంతు మిగిలింది. పోయిన ముప్పావూ వింటున్న కోడలి ముఖం మోసింది. నాటికలో ఆ కోడలికి ఆ సీన్లో పనే లేదు, వింగులో, అంటే స్టేజీ పక్కన తెర చాటున, నిలబడి ఉండేది. ఎడిటింగులో చూస్తే మాట్లాడే మనిషికంటే వినే మనిషి మీదే ఎక్కువసేపు ఉన్నాం. రచయితగారు కోతలకి మొదట బాధపడ్డారు, అది న్యాయమే. చూశాక ‘ఇప్పుడు ఆ అమ్మాయి కూడా నా పాత్రే’ అన్నారు.

నటుల్ని మార్చమని చెప్పేవాళ్ళుంటారు. తొందరపడి మార్చకండి. రంగస్థలం మీద ఆరితేరినవాళ్ళకి పాత్ర మొత్తం ఒంటబట్టి ఉంటుంది, ఏ సీను ముందు తీసినా ఎక్కడున్నారో వాళ్ళకి తెలుసు. మార్చాల్సింది గొంతు దూరం. పరిషత్తు స్టేజీ ముందు మైకులుంటాయి, మాట వచ్చినప్పుడు అటు జరిగి ముఖం జనంవైపు తిప్పి చెప్పడం ఏళ్ళ అలవాటు. మా సినిమాలో మాస్టారి భార్యగా వేసినావిడ రిహార్సలు హాల్లో వద్దని, షూటింగు చేసే వంటింట్లోనే చేద్దామని తనే అడిగారు. ఎదురుగా ఒక్క మనిషిని కూర్చోబెట్టుకుని, పక్కగదిలోకి వినబడకూడదన్న నియమంతో చెప్పుకుంటూ పోయారు. కాసేపటికి ఆవిడ చేతులు కూడా సహజంగా తగ్గాయి. గొంతు తగ్గితే చేతులు తగ్గుతాయని అప్పుడే తెలిసింది. మీవాళ్ళకీ ఇదే చెప్పండి, ‘ఓవర్ చేయకండి’ అని మాత్రం అనకండి. వాళ్ళు స్టేజీ మీద చేసేది ఓవరు కాదు, ఆ దూరానికి తగిన కొలత.

చూడటానికి ఇంకో రెండు చెబుతాను. గొల్లపూడి మారుతీరావుగారి నాటకం నుంచి ఎం.వి. రఘు 1988లో తీసిన ‘కళ్ళు’. చూపులేని బిచ్చగాళ్ళ కథ, యాస, పరిసరాలు విశాఖవైపువి. నాటకం నుంచి వచ్చిందని ఎక్కడా అనిపించదు. ఇంకోటి 2023లో కృష్ణవంశీ తీసిన ‘రంగమార్తాండ’. దీనికి మూలం శిర్వాడ్కర్ మరాఠీ నాటకం ‘నటసమ్రాట్’, మధ్యలో అదే పేరుతో మరాఠీ సినిమా కూడా వచ్చింది. ఇందులో పాత్రే నటుడు కాబట్టి పెద్ద గొంతుతో మాట్లాడటం ఆ మనిషి స్వభావమైపోయింది. మీ కథలో అలాంటి పాత్ర ఉంటే నాటకీయతని దాచక్కర్లేదు.

షూటింగుకి ముందే చేయాల్సిన పని ఒకటుంది. నాటిక ప్రదర్శనకి రచయిత ఇచ్చిన అనుమతి సినిమాకి చెల్లదు. అనుసరణ హక్కు విడిగా, కాగితం మీద, యూట్యూబు, ఓటీటీలతో సహా రాయించుకోండి. మన చట్టంలో రచయిత పోయాక 60 ఏళ్ళదాకా హక్కులు వారసులవి. గురజాడ, కాళ్ళకూరి నారాయణరావు లాంటివాళ్ళ నాటకాలకి ఆ గడువు ఎప్పుడో దాటింది, బతికున్న రచయిత నాటికకి అలా కాదు. కోతలకి ఒప్పుకుంటున్నట్టు కూడా అందులోనే ఉంటే ఎడిటింగు వేళకి మనస్పర్థలు రావు.

మీ నాటికలో చప్పట్లు ఎక్కువ పడే డైలాగు ఏదో, ఆ సమయానికి స్టేజీ మీద ఇంకా ఎవరెవరున్నారో కింద రాయండి. దాన్ని ఎవరితో అనిపించవచ్చో, ఎంత ఉంచవచ్చో నాకు తోచింది చెబుతాను.