ఏ పని వదులుకోవాలి?

ప్రశ్న: కృష్ణానగర్‌లో ఉంటాను. ఉద్యోగం చేస్తూనే వచ్చే నెల నుంచి శని, ఆదివారాల్లో 70 నిమిషాల సినిమా తీయబోతున్నాను. రాయడం, డైరెక్షన్, కెమెరా, సౌండ్, ఎడిటింగ్ అన్నీ నేనే. నటించేది మా పిన్ని, పక్కింటివాళ్లు. ‘ఇన్ని పడవల మీద కాళ్లు పెడితే మునుగుతావ్’ అంటున్నారు ఫ్రెండ్స్. నిజంగా ఏదైనా వదిలేయాలా?
– ఒక పాఠకురాలు, హైదరాబాద్

జవాబు: వదిలేయాలమ్మా, కానీ ఒక్కటే. సౌండ్. మిగతా వాటి గురించి టెన్షన్ పడకండి. భానుమతి గారు 1953లో ‘చండీరాణి’ని మూడు భాషల్లో తీశారు. డైరెక్షన్ ఆవిడదే, హీరోయిన్ ఆవిడే, పాటలు పాడిందీ ఆవిడే.

సౌండే ఎందుకంటారా? ఏళ్ల తరబడి ఎడిటింగ్ గదిలో కూర్చున్నదాన్ని. నా దగ్గరికి వచ్చిన చిన్న సినిమాల్లో బొమ్మ బాగోలేక ఆగినవి తక్కువ, మాట సరిగ్గా వినబడక ఆగినవే ఎక్కువ. ఫోకస్ చూసుకునే మనిషికి చెవి పనిచేయదు. మీ పిన్నిగారి కొంగు కాలర్ మైక్‌కి రాసుకుని గరగరమంటుంటే, మీరు ఆవిడ ముఖమే చూస్తుంటారు. తర్వాత డబ్బింగ్ చెప్పిద్దాంలే అనుకుంటారు. అలవాటున్న నటులైతే చెప్తారు. వంటింట్లో ఉల్లిపాయలు తరుగుతూ విసుగ్గా ఓ మాట అనేసిన పిన్నిగారు, ఏసీ గదిలో మైకు ముందు నిలబడి తన పెదాలకు తానే మాట కలపాలంటే కష్టం. మాట కుదిరినా ఆ విసుగు రాదు. మీ సినిమాకి బలమే అది, దయచేసి పోగొట్టుకోకండి.

హెడ్‌ఫోన్స్ పెట్టుకుని కూర్చునే మనిషి ఒకరు కావాలి. పేరున్నవాళ్లే అక్కర్లేదు. ‘ట్యాంకర్ వెళ్లింది, వన్ మోర్’ అని మీకు మొహమాటం లేకుండా చెప్పగలిగితే చాలు. ఫ్యాను, ఫ్రిజ్ ఆపించాలి. ఫ్రిజ్ ఆపినప్పుడు మీ బండి తాళం అందులో పెట్టండి, మళ్లీ ఆన్ చేయకుండా ఆ ఇంటి నుంచి కదల్లేరు. సీన్ అయ్యాక అందరూ కదలకుండా అర నిమిషం ఉండి, ఖాళీ గది శబ్దాన్ని కూడా రికార్డు చేయండి. ఎడిటింగ్‌లో మాటల కింద దాన్ని పరిస్తే అతుకులు తెలియవు.

కెమెరా గురించి ఒక్క మాట. మన కరెంటు 50 హెర్ట్జ్. ట్యూబ్‌లైట్ కింద తీసేటప్పుడు షటర్ స్పీడ్ సెకనులో 1/50 వంతు దగ్గర పెట్టండి, లేకపోతే వెలుగు మినుకుమంటుంది.

ఎడిటింగ్ మీరే చేసుకోండి, కానీ ఒంటరిగా ముగించకండి. సత్యజిత్ రాయ్ 1961 నుంచి తన సినిమాలకు సంగీతం తానే చేసుకున్నారు, తర్వాత కెమెరా కూడా పట్టారు. ఎడిటింగ్‌కి మాత్రం చివరిదాకా దులాల్ దత్తానే. మీ రఫ్ కట్‌ని, అంటే మొదటిసారి వరుసగా అతికించిన సినిమాని, షూటింగ్‌కి రాని మనిషికి చూపించండి. ఆ షాట్ కోసం ఎండలో మీరు పడ్డ పాట్లు వాళ్లకు తెలియవు కాబట్టి, బాగోలేకపోతే తీసేయమంటారు.

ఇక సౌండ్ మనిషి కోసం ఎక్కడికో వెళ్లక్కర్లేదు, సినిమా పనివాళ్లు ఉండే మీ కృష్ణానగర్ టీ కొట్ల దగ్గరే అడగండి. ఎంత ఇస్తారో, టైటిల్స్‌లో పేరు ఎలా వేస్తారో షూటింగ్‌కి ముందే కాగితం మీద రాసుకోండి.