పెళ్ళిపీటల మీద చదవబోయే కొత్త రచయిత్రికి

చిరంజీవి అమ్మలూ,

ఆశీస్సులు. పెళ్ళిలో అబ్బాయికి నువ్వే చదివి వినిపించాలని రాసి పంపిన ప్రమాణాల చిత్తుప్రతి చదివాను. అబ్బాయి కోసం రాశానన్నావు గానీ, చూడబోతే ముందు వరసలో కూర్చునే నీ సాహితీమిత్రుల కోసం రాసినట్టుంది. "నా జీవనగగనంలో ఉదయించిన వెలుగురేఖవు" దగ్గర్నుంచి "జన్మజన్మల బంధం" దాకా అతనికే చెందిన వాక్యం ఒక్కటీ లేదు. పేరు మార్చి పక్క మండపంలో చదివేసినా చెల్లిపోతుంది. గొంతు పెగలదేమోనని బెంగపడుతున్నావే, దానికి సగం కారణం ఇదే. కథలు రాసే పిల్ల కదా, ఎంత గొప్పగా మాట్లాడుతుందో అని మండపమంతా చెవులు రిక్కించి ఉంటుందనుకుంటున్నావు. వాళ్ళ ధ్యాస భోజనాల బంతి ఎప్పుడు లేస్తుందా అన్నదాని మీద ఉంటుంది తల్లీ. నువ్వు చెప్పేది వినాల్సినవాడు ఒక్కడే.

"మనలో ఈ ఆచారం ఎక్కడిదే?" అని మీ అమ్మమ్మగారు అన్నారని రాశావు. ఆవిడతో వాదన పెట్టుకోకు. ప్రమాణం మన పెళ్ళిలోనూ ఉంది. కన్యాదాత "ధర్మేచ, అర్థేచ, కామేచ" అంటూ మాట అడుగుతాడు, వరుడు "నాతిచరామి" అంటాడు. పెళ్ళికూతురిని మాత్రం ఎవరూ ఏమీ అడగరు. పెళ్ళి మాటలు అందరికీ అర్థమవ్వాలని కవిరాజు త్రిపురనేని రామస్వామి చౌదరి (1887–1943) ఆ రోజుల్లోనే తెలుగులో వివాహవిధి రాశారు. ఇక 1954 నాటి ప్రత్యేక వివాహ చట్టం సంగతి చూడు. 12వ సెక్షన్ ప్రకారం వివాహాధికారి, ముగ్గురు సాక్షులు వింటుండగా అబ్బాయీ అమ్మాయీ ఇద్దరూ ఒకరితో ఒకరు "నిన్ను స్వీకరిస్తున్నాను" అని నోరు విప్పి అనాల్సిందే, అనకపోతే పెళ్ళి పూర్తయినట్టు కాదు. ఇద్దరికీ అర్థమయ్యే ఏ భాషలోనైనా అనొచ్చు.

సరే, రాత సంగతికొద్దాం. ప్రమాణం అంటే రేపు ఎవరైనా నిలదీసి అడగడానికి వీలుండాలి. "నిన్ను కంటికి రెప్పలా చూసుకుంటాను" అంటే ఏమని అడుగుతాడు? అదే "నీకు నైట్ డ్యూటీ ఉన్న మర్నాడు పొద్దున నా ఫోన్లన్నీ బాల్కనీలో మాట్లాడుకుంటాను" అని రాయి. ఆసుపత్రి నుంచి వచ్చి పడుకునే మనిషికి అందులో ఎంత ప్రేముందో తెలుస్తుంది. నువ్వు తప్పితే మర్నాడే పట్టుకుంటాడు కూడా! మొన్న ఫోన్లో మాటవరసకి "కోపమొస్తే ముందు అతనికే చెప్తాను, అమ్మకి కాదు" అన్నావు చూడు, నీ చిత్తుప్రతి మొత్తంలో అంతకు మించిన వాక్యం లేదు. అది ఎందుకు వదిలేశావో నాకు అర్థం కాలేదు. కాకపోతే మీ అమ్మకి ముందే వినిపించు. పందిట్లో మొదటిసారి వింటే ఆవిడ నవ్వుతుందో, మొహం మాడ్చుకుంటుందో చెప్పలేం.

ఇలాంటివి మూడో నాలుగో చాలు. అతన్ని మొదట దేనికి మెచ్చావో ఒక సంగతి చెప్పు, ఆ తర్వాత నీ మాటలు ఇవ్వు. మొత్తం రెండు నిమిషాలు దాటకూడదు. ఇద్దరికీ మాత్రమే తెలిసిన హాస్యాలు, పాత పరిచయాల ప్రస్తావన, అత్తగారి వంట — ఈ మూడింటి జోలికీ పోకు. ఇంట్లో "నువ్వు" అని పిలుస్తూ పీటల మీద "మీరు" అన్నావంటే అతనే నవ్వేస్తాడు. పెద్దవాళ్ళు రెండు నిమిషాలు సర్దుకుంటారులే. అతను ఏం రాస్తున్నాడో అడక్కు గానీ ఎంత పొడుగో, ఏ ధోరణిలోనో మాత్రం కనుక్కో. ఒకరు కంటతడి పెట్టిస్తుంటే రెండోవాళ్ళు జోకులు పేలిస్తే బాగుండదు.

రాశాక పైకి చదువు. కథకి కన్ను చాలు, దీనికి ఊపిరి కావాలి. ఎక్కడ ఊపిరి అందట్లేదో అక్కడ వాక్యాన్ని రెండు చెయ్యి. "త్వ"లూ "త్మ"లూ వరసగా వస్తే వణికే నాలుకకి తిరగవు, తీసెయ్యి. మొదటి వాక్యం చాలా చిన్నదిగా ఉండాలి, అదొక్కటీ నోటికి వచ్చి ఉండాలి. అది బయటపడితే మిగతావి వాటంతటవే వస్తాయి. ఏడుపొచ్చే వాక్యాన్ని మొదట్లో పెట్టకు, చివరికి ముందు పెట్టు. గొంతు పూడుకుపోతే ఆగు. క్షమాపణలు చెప్పకు, జనం ఆగుతారు. చేతులు వణకడం నేనెరిగిన పాతకాపు వక్తలకీ ఉంది. అది పోయేదాకా ఆగాలంటే ఎవరూ వేదిక ఎక్కలేరు.

వణికే చేతిలో పల్చటి కాగితం మైకులో గరగరలాడుతుంది, అందుకని దళసరి అట్టకార్డు మీద పెద్దక్షరాలతో రాసుకో. ఫోన్ చూసి చదవొద్దు. సరిగ్గా అప్పుడే ఏ క్యాటరింగువాళ్ళో ఫోన్ చేస్తారు. మైకు నీ చేతిలో కాకుండా పక్కనున్న ఎవరి చేతిలోనైనా ఉండనీ. ముహూర్తం దగ్గర దీన్ని ఇరికించకు, గట్టిమేళంలో నీ మాట నీకే వినపడదు. సప్తపది అయ్యాక పురోహితుడు గారు కాస్త నీళ్ళు తాగే వేళకి పెట్టుకో. ఆయనకీ, మేళగాళ్ళకీ, వీడియో అబ్బాయికీ ముందురోజే చెప్పి ఉంచండి. చెప్పకపోతే నువ్వు నోరు తెరిచేసరికి సన్నాయి అందుకుంటారు.

కార్డు రెండు ప్రతులు రాసి ఒకటి తోడిపెళ్ళికూతురి చేతికివ్వు. పట్టుచీరకి జేబుండదు. తిరగరాసింది ఆదివారంలోగా నాకు పంపు, ఈసారి గగనాలు లేకుండా.

మీ బాబాయి